నేల కింద పైకప్పు

ఆ పాలిటెక్నిక్ కాలేజీలో భూమి కొలతల పాఠం, అంటే సర్వే, చెప్పే మేడంకి పిల్లలు పెట్టుకున్న పేరు భూతద్దం. ఆ పేరు సంగతి ఆవిడకు తెలియదని పిల్లల ధీమా. ఆవిడకు తెలుసు. పెట్టిందెవరో కూడా తెలుసనుకుని, ఆ అనుమానం మీద వరసగా కొన్నేళ్ళ పిల్లల్ని గుర్రుగా చూసింది. సెలవు చీటీ ఇస్తే కిటికీ దగ్గరికి తీసుకెళ్ళి వెలుతురులో పట్టి చూసేది. జ్వరమంటే నుదురు తాకి చూసేది. సుద్దముక్కలు చేతిసంచీలో పెట్టుకుని, ఆ సంచీని ఒళ్ళో పెట్టుకుని కూర్చునేది. గోడ గడియారాన్ని తన చేతి గడియారంతో సరిచూసుకుంటే గాని నమ్మేది కాదు, ఆ చేతి గడియారాన్ని మళ్ళీ రేడియోతో.

ఇదంతా పుట్టుకతో వచ్చిన బుద్ధి అంటే అన్యాయం. కొంత పెంపకం, కొంత ఉద్యోగం. వాళ్ళ నాన్న బస్సుల్లో టికెట్లు తనిఖీ చేసేవాడు. ఆయన లెక్కలో మనుషులు రెండే రకాలు: టికెట్ లేనివాళ్ళు, ఇంకా పట్టుబడనివాళ్ళు. ఇంటికొచ్చాక కూడా ఆ చూపు మారేది కాదు. భోజనాల దగ్గర పిల్లల చేతులవంక చూస్తూ కూర్చునేవాడు. ఆ చూపుల మధ్య పెరిగిన పిల్ల చదువుకుని ఈ కాలేజీకి వచ్చేసరికి సర్వే విభాగంలో ఆడమనిషి ఆవిడొక్కతే. మొదటి ప్రాక్టికల్ రోజున, ఎత్తుపల్లాలు కొలిచే లెవెల్ యంత్రాన్ని మూడుకాళ్ళ స్టాండు మీద చక్కగా నిలబెట్టి, కొలతకర్ర సరిచేద్దామని అవతలికి వెళ్ళొచ్చేలోపు ఎవరో స్టాండు కాలొకటి కాస్త జరిపారు. లెక్కలన్నీ తప్పొచ్చాయి. పిల్లలూ నవ్వారు, తోటి మాస్టార్లూ నవ్వారు. జరిపిందెవరో ఈనాటికీ తేలలేదు. అందరినీ అనుమానిస్తే ఆ ఒక్కడూ అందులో ఉంటాడు కదా అని ఆవిడ సరిపెట్టుకుంది. లెక్కగా చూస్తే అందులో తప్పు లేదు. తక్కినవాళ్ళ గతేమిటన్నదే ఆవిడ ఆలోచించలేదు.

ఆవిడ భర్త కళ్ళద్దాల దుకాణంలో అద్దాలు అరగదీసే మనిషి. భూతద్దానికి తగ్గ మొగుడే దొరికాడని కాలేజీలో ఓ జోకు నడిచేది. మంచి మనిషి పాపం, ఇంటికి ఓ పావుగంట ఆలస్యమైతే కారణం తనే ముందు చెప్పేసి, సాక్షులెవరో కూడా చెప్పి, ఆ తర్వాత చెప్పులు విప్పేవాడు.

ఇక ఆవిడ పాఠానికుండే సిలబస్. ఏడాది మొదట్లో పిల్లలకిచ్చే ఆ కాగితం ఆవిడ ఉద్యోగంలో చేరిన ఏడు రాసింది. పైన సగం అధ్యాయాల పేర్లు, కింద సగం చెయ్యకూడని పనులు. ఆలస్యంగా రాకూడదు. మధ్యలో ప్రశ్నలు వెయ్యకూడదు. పక్కవాడి కాగితం వైపు తల తిప్పకూడదు. యంత్రాన్ని అనుమతి లేకుండా తాకకూడదు. తాకకుండా సర్వే ఎలా నేర్చుకోవాలో అందులో రాయలేదు. క్లాసులో ఆవిడ తన పాత నోట్సు గొంతెత్తి చదివేది, పిల్లలు రాసుకునేవాళ్ళు, ఏడాది చివర సగానికి పైగా తప్పేవాళ్ళు. అదే తన నిక్కచ్చితనానికి రుజువని ఆవిడ లోలోపల కాస్త గర్వపడేది కూడా.

ప్రిన్సిపాల్ గారికి మాత్రం అది గర్వకారణంగా కనిపించలేదు. ఆయన రసాయన శాస్త్రం మనిషి. సర్వే గురించి ఆయనకు తెలిసిందల్లా అందులో పిల్లలు తప్పుతారని. ఓ రోజు పిలిచి, ఈ సెలవుల్లో సిలబస్ మొత్తం కొత్తగా తయారుచెయ్యమన్నాడు. పిల్లలకు చదువు వచ్చేలా ఉండాలన్నాడు. ఏడాది చూస్తాననీ, అప్పటికీ ఇలాగే ఉంటే సర్వే పాఠాన్ని కుర్ర మాస్టారికి ఇచ్చేస్తాననీ మెత్తగానే చెప్పాడు. సిలబస్ తయారీలో ఆ కుర్ర మాస్టారే సాయం చేస్తాడని కూడా అన్నాడు.

ఆవిడకు ఒళ్ళు మండింది. కుర్ర మాస్టారు ఈ మధ్యనే చేరినవాడు, ప్రాక్టికల్స్ చేయించేవాడు, కోర్సులు ఎలా తయారుచెయ్యాలో ఎక్కడో శిక్షణ కూడా పొంది వచ్చాడు. ఎవరు ఎవరి చెవిలో ఏం ఊదారో అర్థం చేసుకోవడానికి భూతద్దం అక్కర్లేదనుకుంది. ఆ పాఠం పోతే ఆవిడకు మిగిలేది డ్రాయింగు క్లాసులో పిల్లల చేత పెన్సిళ్ళు చెక్కించడం. ఇన్నేళ్ళ బతుకులో తనదని చెప్పుకోడానికి ఉన్నది సర్వే ఒక్కటే. దాన్ని పోనివ్వకూడదని పళ్ళు బిగించి కూర్చుంది.

కూర్చున్నది యంత్రాల గదిలో. గది నిండా నూనె వాసన, మూలన ఒకదానికొకటి ఆనించిన స్టాండులు, గోడవారన ఎరుపూ నలుపూ గీతల కొలతకర్రలు. మధ్యలో బల్లకు ఒక పక్క ఆవిడ, ఒళ్ళో సంచీ. రెండో పక్క కుర్ర మాస్టారు. అతను వయసులో చాలా చిన్నవాడైనా ఆవిడ 'మీరు' అనే పిలిచేది. మర్యాద కోసం కాదు, నువ్వంటే చనువిచ్చినట్టవుతుందని.

అతను మొదట అధ్యాయాల జోలికే పోలేదు. ఏడాది అయ్యాక పిల్లలు ఏం చెయ్యగలగాలి మేడం అని అడిగాడు. పాసవ్వాలంది. పాసై ఏం చెయ్యాలన్నాడు. ఇందులో ఏదో మెలిక ఉందని ఆవిడకు తోచింది. కాసేపు గుడ్లురిమి చూసి, విసుగ్గా అంది:

"ఒంటరిగా పంపితే యంత్రం నిలబెట్టుకోవాలి, ఎత్తుపల్లాలు కొలవాలి, తప్పొస్తే తప్పని తనంతట తను పట్టుకోవాలి. ఇంతకన్నా ఏం కావాలి?"

"అంతే మేడం. ఇదే మన మొదటి వాక్యం" అని అతను తెల్లకాగితం మీద రాసేశాడు.

తన మాటే కాగితం మీద చూసుకుంటే ఆవిడకు బాగుందనిపించింది. బాగుందనిపించినందుకు తన మీద తనకే అనుమానం వచ్చింది.

అక్కణ్ణించి వెనక్కి నడిచారు. పిల్లవాడికి ఆ పని వచ్చిందని మనకు తెలిసేదెలా, తెలియాలంటే ఏ పరీక్ష పెట్టాలి, ఆ పరీక్ష దాటాలంటే ఏ వారం ఏం చేయించాలి. ప్రతి మెట్టు దగ్గరా ఓ బేరం. ఏడాదికొక పెద్ద పరీక్షే కాక వారం వారం చిన్న పరీక్షలు పెడదామన్నాడు అతను. వారం వారం కాపీ కొట్టడం అలవాటు చేద్దామనా అంది ఆవిడ. వాటిలో బాగా రాయనిదాన్ని ఒకటి మార్కుల లెక్కలోంచి వదిలేద్దామన్నాడు. అయితే ఆ రోజు సినిమాకి పోతారంది. సందేహాలు తీర్చుకోడానికి రోజూ ఒక గంట తలుపు తెరిచి ఉంచుదామన్నాడు. ప్రశ్నపత్రం వాసన పట్టడానికి అంతకన్నా మంచి ముహూర్తం దొరకదంది. నలుగురేసి కలిసి చేసే పనుల దగ్గరికొచ్చేసరికి, ఒకడు చేస్తాడు ముగ్గురు తింటారని తేల్చేసింది. అతను ఓపికగా నలుగురికీ నాలుగు పనులు పంచి, వారం వారం మారేలా రాశాడు. దాన్ని ఆవిడ మూడుసార్లు చదివి, లొసుగు దొరక్క మొహం మాడ్చుకుంది.

అన్నిటికన్నా పెద్ద గొడవ నోట్సు దగ్గర. నోట్సు చదవడం మానేసి, లెక్కలు పిల్లల ముందే బోర్డు మీద అప్పటికప్పుడు చెయ్యమన్నాడు అతను. మీరు ఎలా ఆలోచిస్తారో వాళ్ళు చూడాలి మేడం అన్నాడు. పాత నోట్సు ఆవిడకు కంచుకోట. అందులో ఇరవై ఏళ్ళలో ఒక్క అక్షరం తప్పు పోలేదు. దాన్ని వదిలి బయటికి రమ్మంటున్నాడంటే ఎక్కడో ఓ చోట పప్పులో కాలేస్తానని ఎదురుచూస్తున్నాడన్నమాట. ఆ మాట మొహం మీదే అనేసింది కూడా. అతను నొచ్చుకున్నాడు. చివరికి ఆవిడే ఒప్పుకుంది. ఒప్పుకోకపోతే, నేనన్నీ చెప్పాను ఆవిడే వినలేదని అతను పైన చెప్పుకోడానికి దారి దొరుకుతుందని.

సెలవులన్నీ ఆ కాగితాలతోనే గడిచాయి. 'విద్యార్థులు తప్పనిసరిగా' అన్న చోటల్లా 'మీరు' వచ్చింది. ఏ వారం ఏం చేస్తారో, అది ఎందుకు చేస్తారో, చేతకాకపోతే ఎవరి దగ్గరికి రావాలో రాశారు. పూర్తయ్యాక ఆవిడ దాన్ని ఇంట్లో బల్ల మీద పడేస్తే భర్త తీసి చదివాడు. పాతది జైలు గోడ మీద బోర్డులా ఉండేదనీ, ఇది మనిషి మాట్లాడినట్టుందనీ అన్నాడు.

"కుర్ర మాస్టారు మీ దుకాణానికి గానీ వచ్చాడా?" అంది ఆవిడ.

కొత్త ఏడాది మొదలైంది. సందేహాల గంట పెట్టిన మొదటి వారం ఎవరూ రాలేదు. ఎవరూ రాకపోవడం వెనక ఏదో కుట్ర ఉందని ఆవిడ తేల్చుకునేలోపు, మొదటి బెంచీలో కూర్చునే అమ్మాయి ఒకతె వచ్చి గుమ్మంలో నిలబడింది. బక్కపలచని పిల్ల, గొంతు లోపలెక్కడో ఉంటుంది. ఆవిడ తన కుర్చీని జరిపి ప్రశ్నపత్రాల బీరువాకు అడ్డంగా వేసుకుని, ఏం కావాలంది. యంత్రం మీద మట్టం చూపే బుడగను మధ్యలోకి తెచ్చాక కూడా ఎందుకు మళ్ళీ పక్కకు పోతోందని అడిగింది ఆ పిల్ల. అది నిజమైన సందేహం. ఇరవై ఏళ్ళలో ఎవరూ అడగని సందేహం, ఎందుకంటే ఇరవై ఏళ్ళలో ఎవరికీ ఆ యంత్రాన్ని అంతసేపు తాకే వీలే లేదు. ఆవిడ లేచి, యంత్రం దింపి, చేసి చూపించింది. ఆ పిల్ల వెళ్ళాక బీరువా తాళం లాగి చూసుకుంది. తాళం సరిగ్గానే ఉంది.

ఆ పిల్ల మర్నాడూ వచ్చింది, ఆ తర్వాత ఇద్దర్ని వెంటబెట్టుకొచ్చింది. నెల తిరిగేసరికి గదిలో స్టూళ్ళు చాలలేదు. క్లాసులో బోర్డు మీద లెక్క చేస్తూ ఆవిడ వెనక్కి తిరిగితే తలలన్నీ పైకెత్తి ఉండేవి. ఇన్నేళ్ళూ ఆవిడ చూసింది వంగి రాసుకునే నడినెత్తులే. ఇన్ని కళ్ళు ఒక్కసారిగా తన మీద ఉండడం ఆవిడకు ఇబ్బందిగా ఉండేది. వీళ్ళకి ఏం కావాలో అనుకునేది. పైకి చెప్పేది కాదు గాని, ఉదయం కాలేజీకి బయల్దేరేటప్పుడు మునుపటికన్నా కాస్త త్వరగానే బయల్దేరేది.

అలా ఏడాది గడిచి పెద్ద పరీక్ష వచ్చింది. కాపలా ఆవిడే ఉంది, కళ్ళలో వత్తులు వేసుకుని. ఆదివారం మధ్యాహ్నం ఇంట్లో పేపర్లు దిద్దడానికి కూర్చుంది. మార్కులు పడుతున్నాయి. ఒకరికి కాదు, ఇద్దరికి కాదు, వరసగా పడుతున్నాయి. ఎప్పుడూ బొమ్మలతో నింపేసే ప్రశ్నకు కూడా చక్కని లెక్కలు రాశారు. ఇంకొకరైతే ఆ పూట పొంగిపోయేవారు. ఆవిడ ఎర్ర పెన్ను మూత పెట్టేసి, కుర్చీలో వెనక్కి వాలి, ఇందులో ఏదో మోసం ఉందనుకుంది.

మోసం పైకప్పు ప్రశ్న దగ్గర దొరికింది. ప్రశ్న తేలికే. ఒక గది మధ్యలో యంత్రం ఉంటుంది. దాని కన్ను ఎంత ఎత్తున ఉందో తెలుసు. నేల మీద నిలబెట్టిన కర్ర ఏ అంకె చూపితే దాన్ని ఆ ఎత్తులోంచి తీసేస్తే నేల మట్టం వస్తుంది. అదే పైకప్పు ఎత్తు కావాలంటే కర్రను తలకిందులుగా కప్పుకు ఆనిస్తారు. అప్పుడు తియ్యకూడదు, కలపాలి. నేల వంద మీటర్ల మట్టం అనుకుంటే యంత్రపు కన్ను నూట ఒకటిన్నర, కర్ర చూపింది రెండు, కలిపితే పైకప్పు నూట మూడున్నర. మొదటి బెంచీ అమ్మాయి తీసేసింది. పైకప్పు తొంభై తొమ్మిదిన్నర దగ్గరుందని రాసి, కింద రెండు గీతలు కూడా కొట్టింది. అంటే ఆ గది పైకప్పు నేలకు అర మీటరు కిందుంది. ఆవిడకు నవ్వొచ్చింది. తర్వాతి పేపరులోనూ పైకప్పు నేల కిందే ఉంది. ఆ తర్వాత దానిలోనూ ఉంది. నవ్వు పోయింది. కట్ట మొత్తం తిరగేస్తే దాదాపు క్లాసంతా పైకప్పును ఒకే చోట పాతిపెట్టారు, కింద అవే రెండు గీతలతో. సరిగ్గా రాసింది ఓ నలుగురైదుగురు, అదీ క్లాసులకు ఎగనామం పెట్టేవాళ్ళు.

ఇరవై ఏళ్ళుగా పేపర్లు దిద్దుతున్న మనిషికి ఒక సంగతి బాగా తెలుసు. తప్పులు ఎవరివి వాళ్ళకే ఉంటాయి. ఒకే తప్పు ఇంతమంది రాశారంటే ఒకడు రాశాడు, తక్కినవాళ్ళు చూశారు. తన కళ్ళ ముందే, తను కాపలా ఉండగానే. భర్త టీ తెచ్చి పెడుతూ సంగతి విని, పోనీ ఓసారి పిలిచి అడగకూడదా అన్నాడు. దొంగను దొంగవా అని అడిగితే అవునంటాడా అని ఆవిడ కసిరింది. ఆ కోపంలో సగం కోపం కాదు. ఆ బక్కపిల్ల ఏడాది పొడుగునా వచ్చి కూర్చున్నది దీనికోసమా అని ఆవిడ మనసు కలుక్కుమంది. నమ్మిన పాపానికి తగిన శాస్తి జరిగిందనుకుంది.

సోమవారం ఉదయమే ప్రిన్సిపాల్ గారి బల్ల మీద ఫిర్యాదు పెట్టింది. కుర్ర మాస్టారికి తెలిసి పరుగున వచ్చాడు. ఒక్కరోజు ఆగండి, ముందు మనం మాట్లాడదాం అన్నాడు. తన కొత్త పద్ధతుల గుట్టు రట్టవుతుందని భయపడుతున్నాడనుకుని ఆవిడ అతని పక్కనుంచి నడిచి వెళ్ళిపోయింది. సామూహికంగా కాపీ కొట్టినట్టు తేలితే ఆ పిల్లలకు ఏడాది పోతుంది. ప్రిన్సిపాల్ ఇళ్ళకు ఫోన్లు చేయించి, మర్నాటికి విచారణ పెట్టాడు.

విచారణ సర్వే క్లాసు గదిలోనే. ముందున్న బల్ల వెనక మధ్యలో ప్రిన్సిపాల్, ఒక పక్క ఆవిడ, ఒక పక్క కుర్ర మాస్టారు. బయట వరండాలో పిల్లలు, వాళ్ళ వెనక పని మానుకుని వచ్చిన తండ్రులు కొందరు. ఒక్కొక్కరినే లోపలికి పిలిచి, అదే లెక్క బోర్డు మీద చేయించాలని ఆవిడే సూచించింది. చూసి రాసినవాడికి ఒంటరిగా చెయ్యడం చేతకాదు, అక్కడే దొరికిపోతాడు.

మొదట మొదటి బెంచీ అమ్మాయే వచ్చింది. కళ్ళు వాచి ఉన్నాయి. ఎవర్ని చూసి రాశావని ప్రిన్సిపాల్ అడిగితే, ఎవర్నీ చూడలేదు సార్ అంది. లెక్క చెయ్యమన్నారు. ఆ పిల్ల సుద్దముక్క తీసుకుని, పట్టిక గీసి, అంకెలు వరసగా దించింది. ఒక్కచోట తడబడలేదు. తలకిందుల కర్ర దగ్గరికొచ్చింది. సుద్దముక్కతో బోర్డు మీద రెండుసార్లు టకటకమని కొట్టి, తనలో తను అనుకుంటున్నట్టు అంది:

"తీసెయ్యడమే. ఇందులో ఆలోచించేదేముంది."

తీసేసింది. కింద రెండు గీతలు కొట్టింది.

ఆ టకటక ఎవరిదో, ఆ మాట ఎవరిదో ఆవిడకు తెలిసింది. నెలల కిందటి ఒక తరగతి మొత్తం కళ్ళ ముందుకొచ్చింది. బోర్డు మీద వంతెన అడుగు భాగం లెక్క, అక్కడా కర్రను తలకిందులుగానే ఆనించాలి. మామూలు కర్రల అంకెలు ఒకదాని వెనక ఒకటి తీసేస్తూ పోతోంది. చేతులు లెక్క చేస్తున్నాయి గాని కళ్ళు భుజం మీదుగా చివరి బెంచీ మీద ఉన్నాయి. అక్కడొక కుర్రాడు సంచీలో చెయ్యి పెట్టి ఏదో చేస్తున్నాడు. వాణ్ణి పట్టుకునే ధ్యాసలో తలకిందుల కర్ర అంకెను కూడా తీసేసి, తీసెయ్యడమే, ఇందులో ఆలోచించేదేముంది అనేసి, రెండు గీతలు కొట్టి, గబగబా వెనక్కి నడిచింది. వాడి చేతిలో ఏమీ దొరకలేదు. అది వంతెన, పోల్చి చూసుకోడానికి పక్కన గది నేల లేదు కాబట్టి అంకె చూడ్డానికి వింతగానూ లేదు. ఆ వారం చిన్న పరీక్ష ఉండి ఉంటే బయటపడేదే, హాలు వేరే పనికిచ్చారని అది జరగలేదు. పైకప్పు సరిగ్గా రాసిన నలుగురైదుగురిలో ఒక్కడు తప్ప అందరూ ఆ రోజు క్లాసుకు రానివాళ్ళు, పుస్తకం చూసి నేర్చుకున్నవాళ్ళు. ఆ ఒక్కడూ చివరి బెంచీ కుర్రాడు, వాడెలాగూ వినలేదు.

ఆవిడ కుర్ర మాస్టారి వంక చూసింది. అతను తల వంచుకుని బల్ల చెక్కను చూస్తున్నాడు. అతనికి అర్థమైపోయింది. మాట్లాడడేం? దాచుకుంటున్నాడు, అవసరానికి వాడుకుంటాడు అనుకుంది. ప్రిన్సిపాల్ గారికి కలపడమో తీసెయ్యడమో తెలియదు. పిల్లలంతా ఒకే తప్పు రాశారన్నంతవరకే ఆయనకు తెలుసు. ఆవిడ నోరు మెదపకపోతే పాఠం ఆవిడ దగ్గరే ఉంటుంది, ఇన్నేళ్ళ తర్వాత తప్పు చెప్పిన మేడం అన్న పేరు రాదు. ఆవిడ నోరు మెదపలేదు. ఇది చెప్పడానికి నాకూ మనసొప్పడం లేదు గాని, మెదపలేదు. ఆ పిల్లను పంపేశారు. రెండో పిల్లవాడు వచ్చాడు, బోర్డు మీద టకటకమన్నాడు, తీసేశాడు. మూడోవాడూ అంతే. బట్టీ పట్టి వచ్చారని ప్రిన్సిపాల్ గొణిగాడు.

నాలుగోవాడు వచ్చేటప్పటికే ఏడుస్తున్నాడు. వరండాలోంచి వాళ్ళ నాన్న లోపలికి తొంగి చూస్తున్నాడు. వాడి అంకెలు వంకర పోతున్నాయి. అయినా తలకిందుల కర్ర దగ్గర ఆగి, ముక్కు తుడుచుకుని, ఆవిడ చెప్పినట్టే రెండుసార్లు కొట్టాడు.

"ఆగు నాన్నా. చాల్లే" అంది ఆవిడ, లేచి నిలబడి. ఆ గదిలో అంతవరకూ ఆవిడ ఎవరినీ నాన్నా అనగా ఎవరూ వినలేదు. "వీళ్ళు కాపీ కొట్టలేదు సార్. నేను చెప్పిందే రాశారు. తప్పు చెప్పింది నేను."

ప్రిన్సిపాల్ బోర్డు వంక చూశాడు. క్లాసు మొత్తానికీ ఒకే తప్పు ఎలా వస్తుంది మేడం అన్నాడు.

"అందరూ విన్నారు సార్."

ఆ మాట అనేశాక గాని ఆవిడకు దాని అర్థం తట్టలేదు. ఇరవై ఏళ్ళుగా ఎవరి తప్పులు వాళ్ళు చేశారంటే, ఇరవై ఏళ్ళుగా ఎవరూ తన మాట వినలేదన్నమాట. ఈ ఏడు విన్నారు. మొట్టమొదటిసారి ఒక క్లాసు మొత్తం తలెత్తి తన నోటి వంక చూస్తూ, తనేం చెబితే అది నమ్మింది. ఆ నమ్మకాన్ని తీసుకెళ్ళి ఫిర్యాదు రాసి బల్ల మీద పెట్టింది తను. సంతోషపడాలో సిగ్గుపడాలో తెలియక ఆవిడ నిలబడే ఏడ్చింది. వరండాలోని తండ్రి గబుక్కున పక్కకు తప్పుకున్నాడు.

ఫిర్యాదు రద్దయింది, పిల్లలకు మార్కులు కలిశాయి. క్లాసులో తప్పినవాళ్ళు ఏనాడూ లేనంత తక్కువ. అయినా తండ్రుల్ని పనులు మాన్పించి వరండాలో నిలబెట్టిన సంగతి ప్రిన్సిపాల్ మరిచిపోలేదు. కొత్త సిలబస్ ఉంటుంది, వచ్చే ఏడు నుంచి పాఠం కుర్ర మాస్టారిది అని ఉత్తర్వు ఇచ్చాడు. ఆవిడ చదువుకుని, మడిచి సంచీలో పెట్టుకుంది.

యంత్రాల గదిలో కుర్ర మాస్టారు ఎదురుపడితే, ఆ రోజు నువ్వెందుకు నోరు విప్పలేదని సూటిగా అడిగింది.

"మీరే చెప్తారనుకున్నాను మేడం."

"చెప్పకపోతే?"

"చెప్తారనే అనుకున్నాను" అన్నాడు అతను మళ్ళీ.

ఆవిడ ఆ మాటను అటు తిప్పి ఇటు తిప్పి చూసింది. ఇంటికి పోయి కూడా చూసింది. అందులో ఏ మెలికా దొరకలేదు. అది దొరక్కపోవడం ఆవిడను చాలా బాధపెట్టింది.

పాఠం అప్పగించే ముందు తన తప్పు తనే దిద్దుకుంటానని ఒక్క క్లాసు అడిగి తీసుకుంది. పిల్లలంతా వచ్చారు, ఎప్పుడూ రానివాళ్ళతో సహా. ఆవిడ గది మధ్యలో యంత్రం నిలబెట్టి, బుడగ సరిచేసి, కర్రను నేల మీద పెట్టించి అంకె చదివింది. తర్వాత బల్ల ఎక్కి కర్రను తలకిందులుగా పైకప్పుకు ఆనించమని ఒకడికి చెప్పింది. అంకె బోర్డు మీద వేసి, ఎందుకు కలపాలో తొందరపడకుండా వివరించి, కలిపింది. గది ఎత్తు తేలింది. టకటకమని కొట్టలేదు. పిల్లల వైపు తిరిగింది.

తలలన్నీ పైకెత్తే ఉన్నాయి. కాని ఎవరూ రాసుకోవడం లేదు. మొదటి బెంచీ అమ్మాయి నెమ్మదిగా లేచి, టేపు ఒకసారి ఇస్తారా మేడం అని మర్యాదగా అడిగింది. ఆవిడ సంచీ తెరిచి కొలిచే టేపు తీసి ఇచ్చింది. ఆ పిల్ల బల్ల ఎక్కి ఒక కొస పైకప్పుకు పట్టుకుంది, ఇంకో పిల్ల కింద కూర్చుని రెండో కొస నేలకు తాకించింది. తన లెక్కను సరిచూస్తున్న ఆ పిల్లల చూపు ఆవిడకు కొత్త కాదు. ఇన్నేళ్ళూ తను అందరి మీదా వేసిన చూపే. దాని ఎదుట నిలబడడం ఇలా ఉంటుందని మాత్రం ఇప్పుడే తెలిసింది. కోపం రాలేదు. చేతిలో సుద్దముక్కతో అలాగే నిలబడి ఎదురుచూసింది.

కింది పిల్ల అంకె చదివింది. మొదటి బెంచీ అమ్మాయి బోర్డు వంక చూసి, టేపు వంక చూసి, క్లాసు వైపు తిరిగి తలూపింది. అప్పుడు గాని పెన్నులు కదల్లేదు.